మాట తడబడితే నీళ్ళు కుమ్మరించండి

ఇంటికి స్లాబు వేసే రోజు ఎలా ఉంటుందో మీలో చాలామందికి తెలుసు. కంకర, ఇసుక, సిమెంటు బస్తాలు ముందురోజే దిగి ఉంటాయి. పొద్దున్నే మిల్లరు వస్తుంది, కొబ్బరికాయ కొడతారు, పని మొదలవుతుంది. మొదలైందంటే ఇక మధ్యలో ఆపడానికి వీల్లేదు. సగం పోసి ఆపితే అతుకు పడుతుంది, వానాకాలంలో సరిగ్గా అక్కడే కారుతుంది. అందుకని మే నెల ఎండ నడినెత్తికి వచ్చినా కూలీలు తట్టలు అందుకుంటూనే ఉంటారు. వడదెబ్బ గురించి మాట్లాడమన్నప్పుడు నాకు ముందు తోచింది ఈ స్లాబు పనే. మనిషి పడిపోవడానికి కావలసినవన్నీ అక్కడ ఉంటాయి. ఆ మనిషిని బతికించుకోవడానికి కావలసిన సామానూ అక్కడే ఉంటుంది. డ్రమ్ముల నిండా నీళ్ళు, పైపు, ఒక బరకం, పదిమంది మనుషులు. ఏం చెయ్యాలో తెలిసినవాళ్ళే ఉండరు.

ముందు గుర్తుపట్టడం సంగతి. ఇలాంటి చోట మధ్యాహ్నం పన్నెండు దాటాక జరిగేది ఇది. పొద్దుటి నుంచి తట్టలు మోస్తున్న ఇరవయ్యేళ్ళ కుర్రాడు ఉన్నట్టుండి నిలబడిపోతాడు. ‘ఏరా, ఇటివ్వు’ అంటే ‘ఆఁ’ అంటాడు గానీ కదలడు. కసిరితే సంబంధం లేని మాటేదో అంటాడు. రెండడుగులు వేసి తూలుతాడు. ‘పొద్దున్నే ఏసుకొచ్చినట్టున్నాడు’ అని పక్కవాడు నవ్వుతాడు. మేస్త్రి కాస్త దయగలవాడైతే ఆ మూల నీడన పడుకోమంటాడు. పడుకున్నవాడు మరి లేవడు. వడదెబ్బ అని ఎవరికీ అనుమానం రాదు, ఎందుకంటే వాడి ఒంటిమీద చెమట ధారలు కడుతూనే ఉంటుంది. చెమట పడుతోందంటే వడదెబ్బ కాదని మనకొక గట్టి నమ్మకం.

ఆ నమ్మకంలో సగమే నిజం. వడదెబ్బ రెండు రకాలుగా వస్తుంది. రేకుల ఇంట్లో, గాలాడని గదిలో ఉండే ముసలివాళ్ళకు రెండు మూడు రోజుల పాటు వేడి ఒంట్లోకి ఎక్కి వచ్చేది ఒకటి. వాళ్ళ ఒళ్ళు నిజంగానే పొడిబారి కాలిపోతూ ఉంటుంది. ఎండలో ఒళ్ళు వంచి పనిచేసేవాళ్ళకు, సెలక్షన్ల కోసం పరుగు ప్రాక్టీసు చేసే కుర్రాళ్ళకు గంటల్లో వచ్చేది రెండోది. వీళ్ళకు చెమట ఆగకపోవచ్చు. కాబట్టి చెమట వైపు చూడకండి, మాట వినండి. ఎండలో ఉన్న మనిషి, ఉక్కలో ఉన్న మనిషి మాట తడబడినా, పొంతన లేకుండా మాట్లాడినా, ఊరికే కోపం తెచ్చుకున్నా, నడక తూలినా, మూర్ఛ వచ్చినట్టు కొట్టుకున్నా, పిలిస్తే పలక్కపోయినా అది వడదెబ్బే అనుకోండి. అనుమానంగా ఉంటే అడగండి: ‘ఇవాళ ఏం వారం? ఇది ఎవరిల్లు? పొద్దున ఏం తిన్నావు?’ జవాబు తప్పిందా, ఇక ఆలోచించొద్దు. నిజంగానే తాగి ఉన్నా సరే, ఎండలో పడిపోయిన తాగుబోతుకు వడదెబ్బ తగిలే ప్రమాదం మరీ ఎక్కువ.

దీనికి ముందు దశ ఒకటుంది. తలనొప్పి, వికారం, పిక్కలు పట్టెయ్యడం, కళ్ళు బైర్లు కమ్మడం, నీరసంతో కూలబడటం. మనిషి మాత్రం తెలివిగా మాట్లాడుతూ ఉంటాడు. ఇతన్ని నీడకు చేర్చి, చొక్కా విప్పి, తడిగుడ్డతో తుడిచి, ఉప్పు వేసిన పల్చటి మజ్జిగో, ఓఆర్‌ఎస్ నీళ్ళో కొద్దికొద్దిగా తాగిస్తే అరగంటలో తేరుకుంటాడు. ప్యాకెట్ లేకపోతే లీటరు నీళ్ళలో ఆరు చెంచాల పంచదార, అర చెంచా ఉప్పు, తలకొట్టి కొలిచి కలపండి. చెంచా అంటే టీ చెంచా. అరగంటలో తేరుకోకపోతే, వాంతులు ఆగకపోతే, మాట మారితే రెండో దశలోకి పోయినట్టే.

ఒంట్లో ఏం జరుగుతుందో కొంచెం చెప్పాలి. అది తెలిస్తేనే నేను తర్వాత చెప్పబోయేది నమ్ముతారు.

కూజాలో నీళ్ళు ఎందుకు చల్లబడతాయి? దాని ఒంటిమీద ఊరిన తేమ గాలికి ఆరిపోతూ లోపలి వేడిని పట్టుకుపోతుంది గనక. మన ఒళ్ళూ ఇదే పద్ధతి మీద బతుకుతుంది. లీటరు చెమట పూర్తిగా ఆరితే సుమారు 580 కిలోకేలరీల వేడి పోతుంది. ఆరాలి, అదీ సంగతి. నేల మీదికి కారిపోయిన చెమటతో ఒళ్ళు చల్లబడదు. విశాఖపట్నంలో, కాకినాడలో, మచిలీపట్నంలో 37 డిగ్రీలకే ప్రాణం విలవిల్లాడిపోవడానికి కారణం ఇదే. అక్కడ గాలిలో అప్పటికే తేమ నిండి ఉంటుంది, చెమట ఆరదు. రెంటచింతలలో, రామగుండంలో 45 డిగ్రీల్లో చెమట ఇట్టే ఆరిపోతుంది గానీ ఒంట్లో నీరు అంత వేగంగానూ ఖాళీ అవుతుంది. వాతావరణ శాఖ కూడా మైదానాల్లో 40 డిగ్రీలు చేరితేనే వడగాడ్పు లెక్క మొదలుపెడుతుంది, తీరంలో 37కే మొదలుపెడుతుంది. ఆ రోజుకు మామూలుగా ఉండాల్సిన దానికన్నా నాలుగున్నర డిగ్రీలు ఎక్కువైతే వడగాడ్పు, ఆరున్నర దాకా పోతే తీవ్ర వడగాడ్పు.

చెమట ఓడిపోయాక భారం గుండె మీద పడుతుంది. లోపలి వేడిని బయటికి తోయడానికి గుండె రక్తాన్ని చర్మం వైపు మళ్ళిస్తుంది. ఆ మేరకు పేగులకు రక్తం తగ్గుతుంది. ఎండిన పేగు గోడల్లోంచి సూక్ష్మజీవుల విషాలు రక్తంలోకి జారతాయి. ఒంటి వేడి 40 డిగ్రీలు, అంటే 104 ఫారెన్‌హీట్ దాటాక మెదడు తడబడుతుంది. ఆ తర్వాత కాలేయం, మూత్రపిండాలు, రక్తం గడ్డకట్టే ఏర్పాటు, కండరాలు ఒకదాని వెంట ఒకటి దెబ్బతింటాయి. ఎంత వేడి ఎక్కిందన్న దానికన్నా ఆ వేడి ఎంతసేపు నిలిచిందన్నదే మనిషి బతుకును తేలుస్తుంది. పడిపోయిన అరగంటలో ఒంటి వేడిని 39 డిగ్రీల కిందికి దించగలిగితే దాదాపు అందరూ బతుకుతారు. ఇది మాటవరసకు అంటున్నది కాదు. అమెరికాలో మసాచుసెట్స్ రాష్ట్రంలో ఫాల్మత్ అనే ఊళ్ళో ఏటా ఆగస్టు నెలలో ఏడు మైళ్ళ పరుగుపందెం జరుగుతుంది. పద్దెనిమిది పందేల రికార్డులు తీసి చూస్తే 274 మందికి వడదెబ్బ తగిలింది. అందరినీ అక్కడికక్కడే మంచునీళ్ళ తొట్టిలో కూర్చోబెట్టారు. 274 మందీ బతికారు.

జ్వరం మాత్ర ఎందుకు పనిచేయదని అడుగుతుంటారు. జ్వరంలో వేడిని పెంచేది మెదడే, శరీరానికి అలా ఆజ్ఞ వేస్తుంది. పారాసిటమాల్ ఆ ఆజ్ఞను వెనక్కి తీసుకునేలా చేస్తుంది. వడదెబ్బలో మెదడు ఏ ఆజ్ఞా వేయలేదు, వేడి బయటి నుంచి, కష్టం నుంచి వచ్చి మీదపడింది. మాత్రకు చేయడానికి పని లేదు. పైగా దెబ్బతిన్న కాలేయం మీద ఇంకో బరువు. ఊళ్ళో ఆర్‌ఎంపీ డాక్టర్లు కూడా ఈ మాట కాస్త చెవిన వేసుకోవాలి. జ్వరం ఇంజక్షన్ చేసి, సెలైన్ ఎక్కించి, ‘పొద్దున చూద్దాం’ అంటే పొద్దుటికి చూడటానికి ఏమీ మిగలదు.

ఇప్పుడు ఆ స్లాబు దగ్గరికి మళ్ళీ వెళ్దాం. కుర్రాడు తూలాడు. ఒకరు 108కి ఫోన్ చేయాలి. ‘వడదెబ్బ, తెలివి లేదు’ అని చెప్పాలి. మిగతావాళ్ళు అంబులెన్సు కోసం రోడ్డు వైపు చూస్తూ నిలబడకూడదు. వాళ్ళ పని ఆ క్షణమే మొదలైంది. నీడకు చేర్చండి. బట్టలు విప్పెయ్యండి, లోదుస్తులు ఉంచితే చాలు. ఆడవాళ్ళయితే ఒక పల్చటి చీర కప్పి దాని మీదుగా నీళ్ళు పొయ్యండి. మొహమాటానికి ప్రాణం ఇవ్వొద్దు.

బరకం పరిచి మనిషిని దాని మధ్యలో పడుకోబెట్టండి. నలుగురు నాలుగు మూలలూ, ఇద్దరు పక్కలూ పట్టుకుని అంచులు పైకెత్తితే అదే తొట్టి. ఒకరు తల వైపు కూర్చుని, చంకల కింద చేతులు వేసి, ముఖం నీళ్ళకు పైన ఉండేలా పట్టుకోవాలి. ఆ మనిషి ఇంకే పనీ పెట్టుకోకూడదు. డ్రమ్ములో నీళ్ళు బకెట్లతో పొయ్యండి. పక్కనే సోడా బండి ఉన్నా, చేపలమ్మే చోటు ఉన్నా ఒక మంచుదిమ్మ తెచ్చి పగలగొట్టి అందులో వెయ్యండి. బరకం అంచులు కాస్త అటూ ఇటూ ఊపుతూ ఉంటే నీళ్ళు ఒంటి చుట్టూ కదులుతాయి. కదలని నీళ్ళు ఒంటి పక్కనే వేడెక్కి కూర్చుంటాయి. కాళ్ళూ చేతులూ వణుకుతాయి. వణికితే వణకనివ్వండి. చల్లటి నీళ్ళు పోస్తే నరాలు బిగుసుకుపోతాయని, గుండె ఆగుతుందని పెద్దవాళ్ళెవరో అడ్డుపడతారు. పని చేస్తూ పడిపోయిన వయసువాళ్ళకు మంచునీళ్ళను మించిన వైద్యం ఆసుపత్రిలో కూడా లేదు. మంచు దొరకలేదని ఆగకండి, కుళాయి నీళ్ళయినా చాలా మేలు.

బరకం లేదు, నీళ్ళు తక్కువ ఉన్నాయి, లేదా పడిపోయింది డెబ్భై ఏళ్ళ గుండెజబ్బు మనిషి. అప్పుడు ఒళ్ళంతా తడిపి, గట్టిగా విసరండి. ఆరగానే మళ్ళీ తడపండి. మెడ, చంకలు, గజ్జలు, ఈ మూడు చోట్లా మంచు ఉంచండి. తడి గోనెపట్టా కప్పి వదిలెయ్యడం మాత్రం మంచిది కాదు. కాసేపటికి అదీ వేడెక్కి లోపలి ఆవిరిని బయటికి పోనివ్వదు.

స్పృహ లేని మనిషి నోట్లో నీళ్ళు పొయ్యకండి. ఇది మరీ మరీ చెబుతున్నాను. చుట్టూ చేరినవాళ్ళలో ఒకరు తప్పనిసరిగా గ్లాసు తెస్తారు, దవడలు విప్పి పోస్తారు, అది ఊపిరితిత్తుల్లోకి పోతుంది. వాంతి వస్తే పక్కకు తిప్పి పడుకోబెట్టండి. చెప్పిన మాట అర్థమై, గ్లాసు తన చేత్తో పట్టుకోగలిగినప్పుడే తాగనివ్వాలి.

అంబులెన్సు వచ్చినా ఇంకో అయిదు నిమిషాలు చల్లబరచనిమ్మని సిబ్బందిని అడగండి. దారిలోనూ తడి ఆరనివ్వొద్దని చెప్పండి. థర్మామీటరు కోసం వెతకొద్దు. చంకలో పెట్టింది, నుదుటి దగ్గర చూపించేది లోపలి వేడిని తక్కువ చేసి చెబుతాయి. 101 చూపించిందని ఊరట పడి పని ఆపితే లోపల ఇంకా 105 ఉండవచ్చు. మనిషి తెలివిలోకి వచ్చేదాకా, లేదా ఆసుపత్రి వాళ్ళు చేతుల్లోకి తీసుకునేదాకా నీళ్ళు ఆపకండి.

ఉల్లిపాయ మాట రాకపోతే ఈ ప్రసంగం పూర్తయినట్టు ఉండదు కాబట్టి అదీ చెప్పేస్తాను. మజ్జిగన్నంలో పచ్చి ఉల్లిపాయ నంజుకోండి, బాగుంటుంది. జేబులో పెట్టుకుంటే జేబు వాసన వస్తుంది, అంతే. పడిపోయినవాడి అరికాళ్ళకు రసం రుద్దుతూ పది నిమిషాలు పోగొట్టడం మాత్రం నేను నవ్వి ఊరుకోగలిగింది కాదు.

ఇక రాకుండా చూసుకోవడం. 2003లోనూ, 2015లోనూ వడగాడ్పులు మన తెలుగు నేలను ఎంత దెబ్బకొట్టాయో మీకు గుర్తుండే ఉంటుంది. 2015లో దేశం మొత్తం మీద రెండు వేల మందికి పైగా పోతే, అందులో ఎక్కువమంది ఆంధ్రప్రదేశ్, తెలంగాణల వాళ్ళే. వాళ్ళలో కూలీలు, ముసలివాళ్ళు ఎక్కువ. అహ్మదాబాద్‌లో 2010 మే నెలలో వేడి 46.8 డిగ్రీలకు పోయింది. మామూలు మే నెలతో పోలిస్తే ఆ నెలలో 1,344 మరణాలు ఎక్కువ నమోదయ్యాయి. ఆ ఊరు మేలుకుని 2013లో వేసవి ప్రణాళిక రాసుకుంది. ముందుగా హెచ్చరించడం, ఆసుపత్రులను సిద్ధం చేయడం, బస్తీల్లో నీళ్ళు అందించడం. మన దగ్గరా ఇప్పుడు మండలాల వారీగా రేపటి వడగాడ్పుల జాబితా వస్తోంది. ఈ రేడియోలోనే చదువుతారు. మీ మండలం పేరు వచ్చిన రోజు స్లాబు పెట్టుకోకండి. ముహూర్తం బలంగా ఉందంటారా, కొబ్బరికాయ ఆ రోజు కొట్టి, కాంక్రీటు సాయంత్రం మొదలుపెట్టి రాత్రి లైట్లు వేసి పోసుకోవచ్చు.

ఎండకు అలవాటు పడటం అనేది ఒకటుంది. దాన్ని మేస్త్రీలు, కాంట్రాక్టర్లు తెలుసుకోవాలి. రోజూ కొంచెం కొంచెంగా ఎండలో పనిచేస్తే వారం నుంచి రెండు వారాల్లో ఒళ్ళు మారుతుంది. చెమట త్వరగా మొదలవుతుంది, అందులో ఉప్పు తగ్గుతుంది, రక్తంలో నీటిపాలు పెరుగుతుంది. అందుకే పనిలో చేరిన మొదటి రోజుల్లోనే ఎక్కువ ప్రాణాలు పోతాయి. పెళ్ళికో, జ్వరానికో పదిరోజులు మానేసి తిరిగొచ్చినవాడు మళ్ళీ కొత్తవాడి కిందే లెక్క. మొదటి రోజు మామూలు పనిలో అయిదో వంతు చేయించి, రోజుకింత పెంచుకుంటూ పోవాలి. ‘పాతవాడేగా’ అని మొదటి రోజే తట్ట ఎత్తితే ఎలా?

నీళ్ళు దాహం వేసినప్పుడు తాగితే చాలదు. ఎండలో పనిచేసేవాళ్ళు పావుగంటకో, ఇరవై నిమిషాలకో ఒక గ్లాసు తాగాలి. గంటకు లీటరున్నర మించకూడదు, అతిగా తాగినా రక్తంలో ఉప్పు పలచబడుతుంది. మన అంబలి, తరవాణి, రాగిజావ, గంజి మంచి పానీయాలు. నీరూ ఉప్పూ బలమూ అన్నీ ఇస్తాయి. కల్లు చల్లదనం అనుకునేవాళ్ళకు ఒక్క మాట, అది ఒంట్లోని నీటిని బయటికి పంపుతుంది.

అయితే ఎంత చెప్పినా ఆడకూలీలు నీళ్ళు తాగరు. మిరపకోతల్లో చూడండి, కట్టడాల దగ్గర చూడండి. చుట్టూ మగవాళ్ళు, మరుగు లేదు. సాయంత్రం ఇంటికి చేరేదాకా ఒంటికి వెళ్ళే వీలు లేదు. అందుకని పొద్దుటి నుంచి గుక్కెడుతో సరిపెట్టుకుంటారు. పని చోట నాలుగు కర్రలు పాతి గోనెపట్టాలు కట్టిన మరుగుదొడ్డి ఉంటే ఎన్ని ఓఆర్‌ఎస్ ప్యాకెట్లు పంచినా రాని మేలు జరుగుతుందని నా అభిప్రాయం. ప్యాకెట్లు పంచేటప్పుడు ఫొటోలు తీస్తారు, దీనికి ఎవరూ తీయరు.

ఇక పని వేళల గురించి నిజామాబాద్, జగిత్యాల, కరీంనగర్ వైపు నుంచి గల్ఫ్ వెళ్ళినవాళ్ళను అడగండి. యూఏఈలో జూన్ 15 నుంచి సెప్టెంబరు 15 దాకా మధ్యాహ్నం పన్నెండున్నర నుంచి మూడింటి వరకు ఎండలో పని చేయించకూడదు. ఖతర్‌లో 2021 నుంచి ఎండాకాలంలో పొద్దున పదింటికే ఆపాలి, మూడున్నర దాకా మొదలుపెట్టకూడదు. అమలులో లోపాలు లేవని అనను. కానీ రాతలో గంట, నిమిషం ఉన్నాయి. మన ఊళ్ళో పక్కింటి స్లాబుకు ఆ పాటి గడియారం కూడా లేదు.

ఇంట్లో ఉన్న పెద్దవాళ్ళ సంగతి. వయసు మీదపడ్డాక దాహం సరిగ్గా తెలియదు. బీపీకి, గుండెకు వాడే నీళ్ళ మాత్రలు, కొన్ని మానసిక వైద్యపు మందులు, జలుబు మాత్రలు ఒంటి చల్లదనానికి అడ్డుపడతాయి. వాటిని మీ అంతట మీరు ఆపొద్దు. వేసవి మొదట్లోనే డాక్టరుకు ఆ చీటీ చూపించి మోతాదు మార్చాలేమో అడగండి. గుండెజబ్బు, కిడ్నీజబ్బు ఉన్నవాళ్ళు ఎన్ని నీళ్ళు తాగాలో, ఉప్పు ఎంతో కూడా అప్పుడే తేల్చుకోవాలి. గదిలో వేడి 40 దాటాక ఫ్యాను వేడిగాలినే మీద పోస్తుంది. ఒళ్ళు తడి చేసుకుని కూర్చుంటేనే దానితో ఉపయోగం. కూలరు పెట్టి కిటికీలన్నీ బిగించేవాళ్ళు ఉన్నారు. ఆ తేమ బయటికి పోయే దారి లేక గది ఉడికిపోతుంది, ఒక కిటికీ తీసి ఉంచండి. పైకప్పుకు తెల్లసున్నం వేస్తే లోపల కొన్ని డిగ్రీలు తగ్గుతుంది. తెలంగాణ 2023లో చల్లని పైకప్పుల విధానం తెచ్చింది కూడా. ఒంటరిగా ఉండే అవ్వాతాతలు పక్కింట్లో ఉంటే పొద్దునోసారి, మూడింటికోసారి తలుపు తట్టండి. ‘బాగున్నావా అవ్వా’ అంటే ‘ఆఁ’ అనేస్తుంది. ఏం వండుకున్నావని అడగండి. నిన్న మాట్లాడినట్టే ఉందా, మాట ముద్దగా వస్తోందా అని వినండి.

చిన్నపిల్లలను తలుపులు బిగించిన కారులో రెండు నిమిషాలకని వదిలి దిగొద్దు. పది నిమిషాల్లో లోపల పది డిగ్రీలు పెరుగుతుంది.

దురదృష్టవశాత్తూ ప్రాణం పోతే, గుండెపోటు అని అనుకుని ఊరుకోకుండా పోస్టుమార్టం చేయించండి. తెలంగాణ 2025లో వడదెబ్బను రాష్ట్ర విపత్తుగా గుర్తించి సాయాన్ని నాలుగు లక్షల రూపాయలకు పెంచింది. కాగితం లేకపోతే ఆ కుటుంబానికి సాయమూ రాదు, ఆ చావు లెక్కలోకీ రాదు.

బతికి బయటపడినవాళ్ళకు చివరిగా ఒక మాట. మూత్రం టీ డికాషన్ రంగులో వస్తోందంటే కండరాలు దెబ్బతిన్నాయని, కిడ్నీలకు ముప్పు ఉందని అర్థం. రెండు మూడు రోజుల తర్వాత కూడా కిడ్నీ, కాలేయం పరీక్షలు మళ్ళీ చేయించుకోవాలి. లేచి తిరుగుతున్నాం కదా అని మర్నాడే పనికి పోకండి, కనీసం వారం రోజులు ఇంటిపట్టునే ఉండాలి. పరీక్షలు సరిగ్గా వచ్చాక కూడా ఎండలో పని నెల రోజుల మీద కొంచెం కొంచెంగా మొదలుపెట్టాలి. మేస్త్రి ఫోన్ చేస్తే డిశ్చార్జి కాగితం చూపించండి. ఈ ఎండాకాలానికి నీడలో చేసే పని ఏదైనా ఇమ్మని అడగండి.